గుర్తు మారడం వేరు, దిశ తిరగడం వేరు: రేఖీయ అసమీకరణాలను మొదటి నుంచి నేర్చుకుందాం

అపార్ట్‌మెంట్ లిఫ్టు ఎక్కగానే ఎదురుగా ఒక చిన్న పలక కనిపిస్తుంది. చాలా చోట్ల దాని మీద "6 మంది, 408 కిలోలు" అని ఉంటుంది. 408ని 6తో భాగిస్తే 68. అంటే మనిషికి 68 కిలోల చొప్పున లెక్క వేశారన్నమాట. ఎనిమిది మంది ఎక్కే లిఫ్టులో 544 అని ఉంటుంది, అదీ ఇదే లెక్క. ఆ పలక ఉన్నది లిఫ్టులో సరిగ్గా 408 కిలోలు ఉండాలని చెప్పడానికి కాదు. 60 కిలోలున్నా కదులుతుంది, 300 ఉన్నా కదులుతుంది, 408 వరకు ఎంతైనా పర్వాలేదు. దాటితేనే కుదరదు.

ఈ మాటను లెక్కల భాషలో రాస్తే అది అసమీకరణం. సమీకరణం "ఇంతే" అంటుంది. అసమీకరణం "ఇంత వరకు", "ఇంతకు తగ్గకుండా", "ఇంతకు మించి" అంటుంది. మనం రోజూ మాట్లాడుకునేది ఎక్కువగా ఈ రెండో రకం భాషలోనే.

ఏడు, ఎనిమిది తరగతుల పిల్లల కోసం, వాళ్ల పక్కన కూర్చుని చెప్పే అమ్మానాన్నల కోసం ఇది రాస్తున్నాను. 2య + 3 = 11 లాంటి సమీకరణం సాధించడం, రుణ సంఖ్యలను కూడడం, తీసివేయడం వచ్చి ఉంటే చాలు. పాఠ్యపుస్తకాల్లో చరరాశికి ఇంగ్లీషు అక్షరం ఎక్స్ వాడతారు. నేను 'య' వాడుతున్నాను. మన దగ్గర ఇది కొత్తేమీ కాదు. 12వ శతాబ్దంలో భాస్కరాచార్యుడు తెలియని రాశిని 'యావత్తావత్' అని, పొట్టిగా 'యా' అని రాసేవాడు. మీ నోట్‌బుక్‌లో మీ టీచర్ చెప్పిన అక్షరమే రాసుకోండి, లెక్క మారదు.

ముందు ఆ నాలుగు గుర్తులు

< అంటే "కంటే తక్కువ". > అంటే "కంటే ఎక్కువ". కింద గీత చేరితే, అంటే ≤ అయితే "తక్కువ లేదా సమానం", ≥ అయితే "ఎక్కువ లేదా సమానం". నోరు తెరుచుకున్న వైపు పెద్ద సంఖ్య, మొన ఉన్న వైపు చిన్న సంఖ్య. 3 < 7 అన్నా 7 > 3 అన్నా ఒకటే మాట, చదివే వైపు మారిందంతే. ఈ < > గుర్తులు మొదట అచ్చులో కనిపించింది 1631లో, ఇంగ్లండుకు చెందిన థామస్ హారియట్ పుస్తకంలో. అప్పటికి ఆయన చనిపోయి పదేళ్లయింది.

గుర్తులు నేర్చుకోవడానికి ఐదు నిమిషాలు చాలు. మాటను గుర్తుగా మార్చడం దగ్గరే పిల్లలు ఎక్కువగా తడబడతారు. "కనీసం 35 మార్కులు రావాలి" అంటే చాలామంది ≤ రాస్తారు, 'కనీసం' అనగానే చిన్నది అనిపిస్తుంది కాబట్టి. కానీ 35 వచ్చినా పాసే, 90 వచ్చినా పాసే. కాబట్టి మార్కులు ≥ 35. "తక్కువ కాకూడదు" అన్నా ≥. 'తక్కువ' అన్న మాట చెవిన పడగానే < రాసేయకండి, చివర 'కాకూడదు' వచ్చి మొత్తం తిప్పేస్తుంది. "మించకూడదు", "గరిష్ఠంగా", "మహా అయితే" అన్నవి ≤. "18 ఏళ్లు నిండినవారు" ఓటు వేయొచ్చంటే వయసు ≥ 18. "దాటాలి", "పైబడి" అంటే >.

"లోపు" అన్న మాట దగ్గర మాత్రం ఆగండి. "పదిలోపు సంఖ్యలు" అంటే కొందరు 10ని కలుపుతారు, కొందరు కలపరు. ప్రశ్నలో స్పష్టంగా లేకపోతే టీచర్‌ని అడగడమే మంచిది.

సందేహం వచ్చినప్పుడు ఒక చిన్న పని చేయండి. ఆ వాక్యంలో చెప్పిన సంఖ్యనే తీసుకుని "సరిగ్గా ఇంతే ఉంటే ఒప్పుకుంటారా?" అని అడగండి. ఒప్పుకుంటే కింద గీత ఉంటుంది, ఒప్పుకోకపోతే ఉండదు. తర్వాత ఒక పెద్ద సంఖ్యతో అదే ప్రశ్న అడగండి. ఒప్పుకుంటే గుర్తు ≥ లేదా >, లేకపోతే ≤ లేదా <.

జవాబు ఒక సంఖ్య కాదు, ఒక గుంపు

య + 2 = 6 అంటే య = 4, అక్కడితో అయిపోయింది. య + 2 < 6 అంటే య < 4. ఇప్పుడు 3 సరిపోతుంది, 0 సరిపోతుంది, −50 సరిపోతుంది, 3.99 కూడా సరిపోతుంది. సరిపోయే సంఖ్యలన్నీ కలిపి సాధన సమితి.

ఇక్కడ ప్రశ్నలో ఒక్క మాట జాగ్రత్తగా చూడాలి: య ఎలాంటి సంఖ్య? సహజ సంఖ్య అంటే జవాబు 1, 2, 3 మాత్రమే. పూర్ణాంకం అంటే 0 కూడా చేరుతుంది. పూర్ణసంఖ్య అంటే ఎడమవైపు −1, −2, −3 అంటూ అంతం లేకుండా పోతుంది. అకరణీయ సంఖ్య అంటే మధ్యలో ఉన్న భిన్నాలన్నీ వస్తాయి. సాధించే పద్ధతి అన్నిటికీ ఒకటే, ఆఖరి వరస రాసేటప్పుడే తేడా.

సంఖ్యారేఖ మీద చూపడం సులువు. హద్దు దగ్గర ఒక చుక్క పెట్టి, సాధనలు ఉన్న వైపు మందంగా గీత గీసి, చివర బాణం గుర్తు వేస్తాం. హద్దు సంఖ్య జవాబులో ఉంటే చుక్కను నింపుతాం, లేకపోతే ఖాళీ సున్నా గీస్తాం. య < 4 అయితే 4 దగ్గర ఖాళీ సున్నా, గీత ఎడమవైపు. య ≥ 4 అయితే నిండు చుక్క, గీత కుడివైపు.

ఆ చుక్క నింపామా లేదా అన్నది చిన్న విషయమని పిల్లలు అనుకుంటారు. 2022 జులై 18 నుంచి, ప్యాక్ చేసి లేబుల్ వేసిన బియ్యం సంచి 25 కిలోలు లేదా అంతకంటే తక్కువ ఉంటే 5 శాతం జీఎస్టీ వేశారు. 25 దాటితే లేదు. అంటే పన్ను పడే బరువు: బరువు ≤ 25. సరిగ్గా 25 దగ్గర నిండు చుక్క. కొంతకాలానికే మన దుకాణాల్లో 26 కిలోల బస్తాలు దర్శనమిచ్చాయి. ఆ నియమంలో ≤ బదులు < ఉండి ఉంటే 25 కిలోల బస్తాకే పన్ను పడేది కాదు. కింద ఉన్న ఆ చిన్న గీత వల్ల బస్తా బరువే మారిపోయింది.

రెండు వైపులా ఏం చేయొచ్చు

అక్కకు 14 ఏళ్లు, తమ్ముడికి 10. పదేళ్ల తర్వాత కూడా అక్కే పెద్ద. ఐదేళ్ల క్రితం కూడా అక్కే పెద్ద. రెండు వైపులా ఒకే సంఖ్య కలిపినా, ఒకే సంఖ్య తీసివేసినా వరస మారదు. 3 < 7 కదా. రెండు వైపులా 10 తీసేయండి: −7 < −3. ఇదీ నిజమే.

ధన సంఖ్యతో గుణించినా, భాగించినా అంతే. 3 < 7ను రెట్టింపు చేస్తే 6 < 14.

ఇప్పుడు రుణ సంఖ్య. 3 < 7ను రెండు వైపులా −1తో గుణిస్తే ఎడమవైపు −3, కుడివైపు −7 వస్తాయి. ఏది పెద్దది? మూడు వందల అప్పున్నవాడు, ఏడు వందల అప్పున్నవాడి కంటే నయం. −3 పెద్దది. కాబట్టి −3 > −7. < కాస్తా > అయింది.

దీన్ని సంఖ్యారేఖ మీద చూస్తే ఇంకా బాగా అర్థమవుతుంది. ఒక కాగితం మీద గీత గీసి మధ్యలో 0, కుడివైపు 3, 7 గుర్తు పెట్టండి. 0 దగ్గర కాగితాన్ని మడవండి. 3 వెళ్లి −3 మీద, 7 వెళ్లి −7 మీద పడతాయి. కుడివైపు 0కి దూరంగా ఉన్నది పెద్దది. మడిచాక అదే సంఖ్య ఎడమవైపు 0కి దూరంగా పడుతుంది, అక్కడ దూరంగా ఉన్నది చిన్నది. −1తో గుణించడమంటే ఆ కాగితం మడవడమే. కలపడం, తీసివేయడం అంటే గీతను మొత్తంగా అటో ఇటో జరపడం. జరిపితే వరస మారదు, మడిస్తే తిరగబడుతుంది. పిల్లల చేత ఈ మడత ఒక్కసారి వేయించండి. నోటితో పదిసార్లు చెప్పినదాని కంటే ఇది బాగా నిలుస్తుంది.

సున్నాతో గుణించకూడదు. 3 < 7 రెండు వైపులా 0తో గుణిస్తే 0 < 0 వస్తుంది, అది తప్పు. సున్నాతో భాగించడం ఎటూ లేదు. అలాగే యతో భాగించకండి. య ధనమో రుణమో తెలియకుండా దిశ తిప్పాలో వద్దో ఎలా చెప్పగలం?

అసలు తికమక ఎక్కడ మొదలవుతుంది

పిల్లలకు ఈ పాఠం చెబుతూ చెబుతూ నాకు ఒక సంగతి తెలిసింది. ఈ తప్పులో సగం మన మాటలోనే ఉంది. సమీకరణాలు చెప్పేటప్పుడు "అటు పంపితే గుర్తు మారుతుంది" అంటాం. అక్కడ గుర్తు అంటే ప్లస్, మైనస్. అసమీకరణాలు చెప్పేటప్పుడు "రుణ సంఖ్యతో భాగిస్తే గుర్తు మారుతుంది" అంటాం. ఇక్కడ గుర్తు అంటే <, >. మాట ఒకటే, విషయాలు రెండు. వినే పిల్లకు రెండూ కలిసిపోతాయి.

మొన్న ఒక ఎనిమిదో తరగతి అమ్మాయి నోట్‌బుక్ చూశాను. య + 5 < 9 అన్న లెక్క. కింద వరసలో య > 9 − 5 అని రాసింది. ఎందుకమ్మా అని అడిగితే, "ఐదుని అటు పంపాను కదా, గుర్తు మారుతుంది కదా" అంది. +5 కాస్తా −5 అయింది, దాంతో పాటు < కూడా > అయిపోయింది. తను విన్న వాక్యాన్ని తు.చ. తప్పకుండా పాటించింది. తప్పు వాక్యానిది.

అప్పటి నుంచి నేను మాట మార్చాను. ప్లస్, మైనస్ అయితే "గుర్తు మారడం". <, > అయితే "దిశ తిరగడం". పక్షాంతరం చేస్తే, అంటే ఒక పదాన్ని అటువైపుకు పంపితే, గుర్తు మారుతుంది, దిశ తిరగదు. రెండు వైపులా రుణ సంఖ్యతో గుణిస్తేనో భాగిస్తేనో దిశ తిరుగుతుంది. మీరూ ఈ రెండు మాటలు విడివిడిగా వాడి చూడండి.

ఇక లెక్కలు చేద్దాం

మొదటిది తేలిక:

3య + 5 < 20

ముందు యతో సంబంధం లేని 5ని వదిలించుకోవాలి. రెండు వైపులా 5 తీసేస్తే

3య < 15

3తో భాగిస్తే (ధన సంఖ్య, దిశ తిరగదు)

య < 5

ఇక్కడితో ఆపేయకండి. సరిచూసుకోవడానికి మూడు సంఖ్యలు కావాలి: హద్దు, లోపలిది ఒకటి, బయటిది ఒకటి. హద్దు 5 పెడితే 3 × 5 + 5 = 20. రెండు వైపులా సమానం వచ్చింది, అంటే హద్దు సరైనదే. లోపలి సంఖ్య 4 పెడితే 17 < 20, నిజం. బయటి సంఖ్య 6 పెడితే 23 < 20, అబద్ధం. మూడూ మనం అనుకున్నట్టే వచ్చాయి.

హద్దు పరీక్ష కూడికలు, తీసివేతల్లో చేసిన తప్పులను పట్టిస్తుంది. లోపలి, బయటి సంఖ్యల పరీక్ష దిశ తప్పును పట్టిస్తుంది. రెండూ వేరువేరు జబ్బులు, కాబట్టి పరీక్షలూ వేరు. అర నిమిషం పని ఇది. ఏ పిల్లైనా పరీక్షలో ఈ అర నిమిషం పెట్టితీరాలని నా గట్టి అభిప్రాయం.

ఇప్పుడు దిశ తిరిగే లెక్క:

7 − 2య ≥ 15

రెండు వైపులా 7 తీసేస్తే

−2య ≥ 8

ఇక్కడ దిశ తిరగలేదు చూడండి, తీసివేతే కదా. ఇప్పుడు −2తో భాగిస్తాం. దిశ తిరుగుతుంది:

య ≤ −4

హద్దు −4: 7 − 2 × (−4) = 7 + 8 = 15. సమానం. లోపలి సంఖ్య −5: 7 + 10 = 17 ≥ 15, నిజం. బయటి సంఖ్య 0: 7 ≥ 15, అబద్ధం. సరిపోయింది. బయటి సంఖ్యగా 0 కుదిరితే దాన్నే తీసుకోండి, లెక్క వేయడం అన్నిటికంటే తేలిక.

దిశ తిప్పడం అంటే టెన్షన్ పడేవాళ్లకు ఇంకో దారి ఉంది. 7 − 2య ≥ 15లో −2యను కుడివైపుకు పంపండి, 15ను ఎడమవైపుకు తెచ్చుకోండి:

7 − 15 ≥ 2య
−8 ≥ 2య
−4 ≥ య

ఎక్కడా రుణ సంఖ్యతో భాగించలేదు, దిశ తిప్పలేదు. అయినా వచ్చింది అదే జవాబు: −4 ≥ య అంటే య ≤ −4. దిశ తిప్పే నియమం ఎవరో పెట్టిన ఆంక్ష కాదని, కూడిక తీసివేతల్లోంచే పుట్టిందని ఈ నాలుగు వరసలు చూపిస్తాయి. పై తరగతి పిల్లలకైనా సరే ఒకసారి రెండు దారుల్లోనూ చేయించి చూపండి. ఒక్క జాగ్రత్త: −4 ≥ యను తిప్పి రాసేటప్పుడు మొన ఎవరి వైపు ఉందో చూసుకోండి. మొన య వైపు ఉంది, తిప్పి రాసినా య వైపే ఉండాలి.

ఇంకో తప్పు కూడా చాలా నోట్‌బుక్కుల్లో కనిపిస్తుంది. 2య < −8 అన్న వరస రాగానే, అక్కడ మైనస్ కనబడింది కాబట్టి దిశ తిప్పేసి య > −4 అంటారు. తిప్పకూడదు. మనం భాగిస్తున్నది 2తో, అది ధన సంఖ్య. దేన్ని భాగిస్తున్నామన్నది కాదు, దేనితో భాగిస్తున్నామన్నదే చూడాలి. సరైన జవాబు య < −4. నమ్మకం లేకపోతే 0 పెట్టి చూడండి: 0 < −8 అబద్ధం, కాబట్టి 0 జవాబులో ఉండకూడదు. య > −4 అంటే 0 ఉంటుంది. తప్పు అక్కడే బయటపడింది.

బ్రాకెట్లు, రెండు వైపులా య ఉన్నప్పుడు

5(య − 2) > 2య + 8

ముందు బ్రాకెట్ విప్పాలి. బయటి 5 లోపలి రెండింటికీ వర్తిస్తుంది:

5య − 10 > 2య + 8

య ఉన్నవి ఒకవైపు, లేనివి ఒకవైపు చేరిస్తే

5య − 2య > 8 + 10
3య > 18
య > 6

హద్దు 6 దగ్గర ఎడమవైపు 20, కుడివైపు 20. 7 పెడితే 25 > 22, నిజం. 0 పెడితే −10 > 8, అబద్ధం.

బ్రాకెట్ ముందు మైనస్ ఉంటే ఇంకాస్త నెమ్మదిగా వెళ్లాలి.

4 − 3(య − 2) ≤ 1
4 − 3య + 6 ≤ 1

(−3) × (−2) = +6. ఇక్కడ −6 రాసేవాళ్లు ఎక్కువ. 4లోంచి 3 తీసేసి 1(య − 2) అనేవాళ్లూ ఉన్నారు. గుణకారం ముందు, తీసివేత తర్వాత.

10 − 3య ≤ 1
−3య ≤ −9
య ≥ 3

3 పెడితే 4 − 3 × 1 = 1, హద్దు సరిపోయింది. 4 పెడితే −2 ≤ 1, నిజం. 0 పెడితే 4 + 6 = 10 ≤ 1, అబద్ధం.

భిన్నాలు వస్తే హారాల క.సా.గు.తో రెండు వైపులా గుణించి భిన్నాలు పోగొట్టుకోవడమే:

(య + 1)/3 − య/4 ≥ 1

3, 4ల క.సా.గు. 12. ప్రతి పదాన్నీ 12తో గుణిస్తే

4(య + 1) − 3య ≥ 12
య + 4 ≥ 12
య ≥ 8

కుడివైపు ఉన్న 1ని 12తో గుణించడం మరిచిపోవడం ఇక్కడి మామూలు పొరపాటు. మరిచిపోతే య ≥ −3 వస్తుంది. హద్దు పరీక్ష వెంటనే పట్టేస్తుంది: −3 పెడితే ఎడమవైపు −2/3 + 3/4 = 1/12, అది 1కి సమానం కాదు. 8 పెడితే 9/3 − 8/4 = 3 − 2 = 1.

అప్పుడప్పుడు య మొత్తం మాయమైపోతుంది. 2య + 3 > 2య + 1లో రెండు వైపులా 2య తీసేస్తే 3 > 1 మిగులుతుంది. ఎప్పుడూ నిజమే, కాబట్టి య ఏ సంఖ్య అయినా సాధనే. 2(య + 1) < 2య − 5 అయితే 2 < −5 మిగులుతుంది. ఎప్పుడూ అబద్ధమే, సాధన లేదు. య పోయిందని కంగారుపడి కొట్టేయకండి. మిగిలిన వాక్యం నిజమా కాదా అన్నదే జవాబు.

రెండు హద్దుల మధ్య

పిల్లలకు వేసే టీకాల్లో చాలావాటిని 2 నుంచి 8 డిగ్రీల సెల్సియస్ మధ్య ఉంచాలి. వేడెక్కినా పాడవుతాయి, కొన్ని గడ్డకట్టినా పాడవుతాయి. ఉష్ణోగ్రతను య అంటే 2 ≤ య ≤ 8. ఇది రెండు అసమీకరణాలు కలిసిన వాక్యం. ఎడమ చివర చిన్నది, కుడి చివర పెద్దది ఉండేలా రాయడం అలవాటు.

సాధించేటప్పుడు మూడు చోట్లా ఒకే పని చేయాలి.

−1 < 2య + 3 ≤ 11

మూడు చోట్లా 3 తీసేస్తే

−4 < 2య ≤ 8

మూడు చోట్లా 2తో భాగిస్తే

−2 < య ≤ 4

సంఖ్యారేఖ మీద −2 దగ్గర ఖాళీ సున్నా, 4 దగ్గర నిండు చుక్క, మధ్యలో గీత. బాణాలు అక్కర్లేదు.

ఇప్పుడు ఆ టీకాల ఫ్రిజ్‌లో ఉన్న థర్మామీటర్ ఫారన్‌హీట్‌లో చూపిస్తోందనుకోండి. ఎంత నుంచి ఎంత వరకు ఉంటే ఫర్వాలేదు? ఫారన్‌హీట్ అంకెను ఫ అంటే, సెల్సియస్ = 5(ఫ − 32)/9. కాబట్టి

2 ≤ 5(ఫ − 32)/9 ≤ 8
18 ≤ 5(ఫ − 32) ≤ 72
3.6 ≤ ఫ − 32 ≤ 14.4
35.6 ≤ ఫ ≤ 46.4

మొదట 9తో గుణించాం, తర్వాత 5తో భాగించాం, చివర 32 కలిపాం. దేనికీ దిశ తిరగలేదు.

మూడు చోట్లా రుణ సంఖ్యతో భాగించాల్సి వస్తే రెండు గుర్తుల దిశా తిరుగుతుంది. అప్పుడు పెద్దది ఎడమకు వస్తుంది కాబట్టి, చివర్లో వాక్యాన్ని చిన్నది ముందు వచ్చేలా తిరగరాయండి.

మాటల లెక్కలు

అమెరికాలో ఉన్న పిల్లల దగ్గరకు వెళ్లేవాళ్ల ఇంట్లో ప్రయాణానికి ముందు రోజు రాత్రి సూట్‌కేసును కొక్కెం త్రాసుకు వేలాడదీసి తూయడం మనకు కొత్త కాదు. చాలా విమానాల్లో ఒక్కో పెట్టెకు హద్దు 23 కిలోలు. ఖాళీ పెట్టె 4 కిలోలు, బట్టలు 6 కిలోలు. పచ్చళ్ల ప్యాకెట్ ఒక్కొక్కటి కిలోన్నర. ఎన్ని ప్యాకెట్లు పెట్టొచ్చు?

ముందు య అంటే ఏమిటో మాటల్లో రాయండి: య = పచ్చళ్ల ప్యాకెట్ల సంఖ్య. ఈ వరస చాలామంది రాయరు. రాయకపోతే చివర వచ్చిన అంకె కిలోలా ప్యాకెట్లా అన్నదే తెలియదు. తర్వాత

4 + 6 + 1.5య ≤ 23
1.5య ≤ 13
య ≤ 8.66...

ఇక్కడ అలవాటు ప్రకారం దగ్గరి పూర్ణాంకానికి సవరించి 9 అనేశారంటే పెట్టె 23.5 కిలోలవుతుంది, కౌంటర్ దగ్గర తెరిచి తీయాల్సిందే. య పూర్ణాంకం కావాలి, 8.66 దాటకూడదు. కాబట్టి 8. అప్పుడు బరువు 22 కిలోలు.

అన్నిసార్లూ కిందికే తగ్గించాలనీ కాదు. 130 మంది పిల్లలను విహారయాత్రకు తీసుకెళ్లాలి, బస్సుకు 48 సీట్లు. 48య ≥ 130, అంటే య ≥ 2.7. ఇక్కడ 2 బస్సులు చాలవు, 3 కావాలి. పైకా, కిందికా అన్నది దశాంశ స్థానం చూసి తేల్చేది కాదు, అసమీకరణం ఎటు చూస్తోందో చూసి తేల్చేది.

మార్కుల లెక్క ఇంకోటి. నాలుగు పరీక్షల్లో 62, 71, 58, 66 వచ్చాయి. ఐదింటి సగటు కనీసం 65 ఉండాలంటే ఐదో పరీక్షలో ఎంత రావాలి? నాలుగింటి మొత్తం 257.

(257 + య)/5 ≥ 65
257 + య ≥ 325
య ≥ 68

పరీక్ష 100 మార్కులకైతే జవాబు 68 ≤ య ≤ 100. ఆ పై హద్దు ప్రశ్నలో ఎక్కడా రాసి ఉండదు, మనమే గుర్తించాలి. అదే కావాల్సిన సగటు 75 అయి ఉంటే య ≥ 118 వచ్చేది. 100కు 118 రావు కాబట్టి సాధన లేదని రాయాలి.

మీరే చేసి చూడండి

జవాబులు కిందే ఉన్నాయి. ముందు మూడు సంఖ్యల పరీక్షతో మీరే సరిచూసుకుని, తర్వాత వాటిని చూడండి.

1. 4య − 7 < 9
2. 10 − 3య > 1
3. 2(3 − య) ≤ 5య − 8
4. య/2 − 1 > 2య/3
5. −5 ≤ 3 − 2య < 9
6. 408 కిలోల లిఫ్టులో ఐదుగురు ఎక్కారు, అందరి బరువు కలిపి 322 కిలోలు. 26 కిలోల బియ్యం బస్తాలు వాళ్లతో పాటు ఎన్ని ఎక్కించొచ్చు?

జవాబులు:

1. య < 4.
2. య < 3. −3య > −9 దగ్గర దిశ తిరుగుతుంది.
3. య ≥ 2. యలను కుడివైపు చేరిస్తే 14 ≤ 7య, దిశ తిప్పే పనే ఉండదు.
4. య < −6. 6తో గుణిస్తే 3య − 6 > 4య.
5. −3 < య ≤ 4. −8 ≤ −2య < 6ను −2తో భాగిస్తే 4 ≥ య > −3, దాన్ని తిరగరాశాం. చుక్కలు ఏ చివర నిండు, ఏ చివర ఖాళీ అన్నది తారుమారవడం ఇక్కడే జరుగుతుంది.
6. 322 + 26య ≤ 408, అంటే 26య ≤ 86, య ≤ 3.3. మూడు బస్తాలు. మొత్తం 400 కిలోలు. నాలుగోది పెడితే 426 అవుతుంది, దాన్ని రెండో విడతలో తేవాల్సిందే.